క్యాసెట్లు మాసిపోకముందే

మన హాస్టల్ ఆఫీసు గదిలో, ఇనుప బీరువా కింది అరలో, పాత అక్విటెన్స్ రిజిస్టర్ల వెనకాల 17 వీడియో క్యాసెట్లు ఉన్నాయి. 11 పెద్దవి, 6 చిన్నవి. అట్టల మీద స్కెచ్ పెన్నుతో "అంబేడ్కర్ జయంతి", "వార్షికోత్సవం", "బిల్డింగ్ ఓపెనింగ్" అని రాసి ఉంది. కొన్నింటి మీద సంవత్సరం ఉంది, కొన్నింటి మీద లేదు. రెండింటి మీద అసలేమీ రాయలేదు. ఈ ఏడాది వార్షికోత్సవ కమిటీ కూర్చున్నప్పుడు వీటి ప్రస్తావన వచ్చింది. "ఇంకా ఎందుకవి, పాత సామాన్లవాడికి వేసేయండి" అన్నవాళ్లు కొందరు. "స్టూడియోకిచ్చి పెన్‌డ్రైవ్‌లోకి వేయించి, మంచి మంచి ముక్కలు కోసి స్టేటస్ పెడదాం" అన్నవాళ్లు చాలామంది. ఈ హాస్టల్లో చదివి ఇప్పుడు పీజీలు చేస్తున్న మేము నలుగురం ఈ రెండింటికీ ఒప్పుకోలేదు. ఎందుకు ఒప్పుకోలేదో చెప్పడానికే ఈ వ్యాసం.

మిత్రులారా, మన ఇళ్లలో మన తాతల ఫొటోలు ఎన్ని ఉన్నాయి? మేము లెక్క వేసుకున్నాం. ఒకరింట్లో రేషన్ కార్డు మీద అతికించిన గ్రూపు ఫొటో ఉంది. ఒకరింట్లో పెన్షన్ కోసం తీయించిన పాస్‌పోర్టు సైజుది ఉంది. మిగతా ఇద్దరిళ్లలో అదీ లేదు. డైరీలు, ఉత్తరాలు దాచుకునే ఇళ్లు కావు మనవి. మా నలుగురిళ్లలోనూ డిగ్రీ దాకా వచ్చిన మొదటివాళ్లం మేమే. మన గురించి కాగితం మీద ఉన్నదంతా దాదాపుగా ఇతరులు రాసిందే. తహసీల్దారు ఆఫీసులో ఉంది, పోలీసు స్టేషన్లో ఉంది, స్కాలర్‌షిప్పు ఫైళ్లలో ఉంది. అక్కడ మనం సర్టిఫికెట్ నంబరుగా ఉంటాం, బాధితుల జాబితాలో వరుస సంఖ్యగా ఉంటాం. నవ్వుతూ, పాడుతూ, ఒకళ్లనొకళ్లు ఆటపట్టిస్తూ ఉండం. అలా ఉన్నది ఈ క్యాసెట్లలోనే.

వీహెచ్ఎస్ పద్ధతిని జపాన్‌కు చెందిన జేవీసీ కంపెనీ 1976లో తెచ్చింది. మన దేశంలో 1982 ఢిల్లీ ఆసియా క్రీడలతో కలర్ టీవీ వచ్చింది. ఆ వెనకే టౌన్లలో వీడియో షాపులు, భుజం మీద మోయాల్సిన కెమెరాలు, లైటు పట్టుకుని వెంట నడిచే కుర్రాళ్లు వచ్చారు. సరిగ్గా అదే కాలం మనకు ఏమిటో గుర్తు చేసుకోండి. 1985 జూలై 17న కారంచేడు. 1991 ఆగస్టు 6న చుండూరు. ఆ మధ్యలో బాబాసాహెబ్ శతజయంతి, వాడవాడలా విగ్రహాలు. 1994 జూలై 7న ప్రకాశం జిల్లా ఈదుముడిలో దండోరా. మనవాళ్లు రోడ్డెక్కి నోరు విప్పిన కాలమూ, ఊళ్లలోకి వీడియో కెమెరా వచ్చిన కాలమూ ఒకటే. కాకతాళీయమే కావచ్చు. కాని దానివల్ల మనకు దక్కింది తక్కువేమీ కాదు. వాడలో విగ్రహావిష్కరణ జరిగితే ఇంటింటికీ చందాలేసుకుని వీడియో తీయించారు. అప్పు చేసైనా పెళ్లికి వీడియో పెట్టించారు. కువైట్, దుబాయ్ వెళ్లినవాళ్లు తిరిగి వస్తూ చేతిలో ఇమిడే హ్యాండీక్యామ్‌లు తెచ్చారు. మన బొమ్మను మనం డబ్బులిచ్చి, మనకు నచ్చినట్టు నిలబడి తీయించుకోవడం ఇంత ఎక్కువగా జరిగింది అప్పుడే.

ఒక బొమ్మ పోతే ఏం పోతుందో తెలియాలంటే పి.కె. రోసీ కథ తెలుసుకోవాలి. మలయాళంలో జె.సి. డేనియల్ తీసిన తొలి మూకీ చిత్రం "విగతకుమారన్"లో కథానాయిక ఆమె. దళిత స్త్రీ. నాయర్ స్త్రీ పాత్ర వేసిందన్న కోపంతో ఆమె మీద దాడి చేసి, ఊరు విడిచిపోయేలా చేశారు. ఆ సినిమా ప్రింటు ఇవాళ లేదు. ఆమె ఎలా నటించిందో, ఎలా నవ్విందో ఎవరూ చూడలేరు. ఇకపోతే, 1955లో బాబాసాహెబ్ బీబీసీ రేడియోకి ఇచ్చిన ఇంటర్వ్యూ సంగతి చూడండి. గాంధీ గురించి, పూనా ఒడంబడిక గురించి ఆయన ఆలోచనలు పుస్తకాల్లో ఎన్నోచోట్ల చదవచ్చు. కాని ఆ గొంతులోని నిబ్బరం, ఆ విసురు పుస్తకంలో దొరకవు. ఇవాళ మన హాస్టల్ తమ్ముళ్లు ఆ గొంతు ఫోన్లో వింటున్నారంటే, ఇన్నేళ్లుగా ఎవరో దాన్ని పోనివ్వకుండా కాపాడబట్టే.

ఇప్పుడు మన క్యాసెట్ల దగ్గరికి వద్దాం. "ఇదివరకే సీడీలు చేయించాం కదా, మళ్లీ ఎందుకు?" అని కొందరు సీనియర్ అన్నలు అడిగారు. నిజమే. సీడీ ప్లేయర్లు ఇళ్లలోకి వచ్చిన రోజుల్లో, 1990ల నాటి వార్షికోత్సవం క్యాసెట్లు రెండింటిని టౌనులో వీసీడీలు చేయించారు. ఆ సీడీలూ ఉన్నాయి, క్యాసెట్లూ ఉన్నాయి. మేము ఒక సీనియర్ ఇంట్లో ఇంకా నడుస్తున్న వీసీఆర్ సంపాదించి రెండూ వెంటవెంటనే చూశాం. క్యాసెట్టు 180 నిమిషాలది. వీసీడీలో పట్టేది 74 నిమిషాలు, మహా అయితే 80. మొత్తం ఎక్కించాలంటే మూడు సీడీలు కావాలి, మూడింటి ఖర్చు కావాలి. ఒక్కదాంట్లో సర్దమన్నారు. సర్దడమంటే కోయడమే కదా!

ఏం ఉంచారు, ఏం కోశారు? ముఖ్య అతిథి కారు దిగడం ఉంది. పూలమాలలు ఒక్కటీ తప్పిపోలేదు. ఉపన్యాసాలు ఉన్నాయి. బహుమతి ప్రదానంలో అతిథి చెయ్యి ఉంది గాని, బహుమతి అందుకున్న పిల్లవాడు ఇటు తిరిగేలోపే ఇంకో ముక్క వచ్చేస్తుంది. పిల్లలు వేసిన వీధి నాటకం లేదు. డప్పు లేదు. వంటశాలలో గంగాళాల దగ్గర పొగలో కళ్లు తుడుచుకుంటున్న మనుషులు లేరు. బంతిలో కూర్చుని కెమెరాని చూసి ముద్ద నోటి దగ్గరే ఆపేసిన చిన్నపిల్లలు లేరు. పని మానుకుని వచ్చి, కుర్చీలు ఉన్నా కూర్చోకుండా గోడ పక్కన నిలబడి చూస్తున్న తల్లిదండ్రులు లేరు. ఇవన్నీ క్యాసెట్లో ఉన్నాయి, సీడీలో లేవు. పైగా వీసీడీలో బొమ్మ 352 చుక్కల వెడల్పు, 288 చుక్కల ఎత్తు మాత్రమే. క్యాసెట్టును ఇప్పుడు సరిగ్గా ఎక్కిస్తే 720, 576 వస్తాయి. అంటే సీడీలో మిగిలింది నాలుగో వంతు. దూరంగా నిలబడిన మనిషి ముఖం అందులో ఒక మచ్చ.

ఆ స్టూడియో అతన్ని తప్పు పట్టడానికి లేదు. ఏది ముఖ్యమని చెబితే అది ఉంచాడు. అతిథులు ముఖ్యమని చెప్పింది మనవాళ్లే. ఆ మాటకొస్తే మొదట తీసిన వీడియోగ్రాఫరూ అదే లెక్కన తీశాడు. అతిథులు వెళ్లేదాకా టేపు పొదుపుగా వాడి, మిగిలిందాన్ని పిల్లల కార్యక్రమాలకు వాడాడు. నాటకం మధ్యలో టేపు అయిపోయింది. పాలేరు వేషం వేసిన అబ్బాయి నడుముకి చుట్టుకున్న తువ్వాలు తీసి భుజం మీద వేసుకుని దొర ఎదుటికి వస్తాడు, నోరు తెరుస్తాడు, అంతే. తెర నిండా చుక్కలు. ఏమన్నాడో ఆ నాటకం ఆడినవాళ్లలో ఎవరికైనా గుర్తుంటే మాకు రాయండి. ఆ మాట కోసం మేము చాలామందిని అడిగాం.

అందుకే మేము గట్టిగా చెబుతున్నది ఇదే: ఈసారి కోయకూడదు. క్యాసెట్టు మొదట్లో వచ్చే చుక్కల దగ్గర్నుంచి చివర్లో వచ్చే చుక్కల దాకా ఉన్నదంతా ఎక్కించాలి. కెమెరా ఆపడం మరిచిపోయి నేలను తీసిన రెండు నిమిషాలు కూడా ఉండాలి. ఆ రెండు నిమిషాల్లో వెనకాల ఎవరి మాటలో వినిపిస్తున్నాయి. ఏది పనికొస్తుంది, ఏది పనికిరాదు అని ముందే తేల్చేస్తే, అప్పుడు తేల్చినవాళ్లకీ మనకీ తేడా ఏముంది? కావాలంటే చూపించుకోవడానికి చిన్నది ఒకటి విడిగా చేసుకోవచ్చు. అసలు మాత్రం పూర్తిగా ఉండాలి. (ఒక క్యాసెట్టులో సగం దాకా అంబేడ్కర్ జయంతి, అక్కడి నుంచి ఎవరో ఎక్కించిన క్రికెట్ మ్యాచ్! దాన్నీ ఉంచాం. ఏం చేస్తాం, అదీ మన హాస్టల్ చరిత్రే.)

క్యాసెట్టు ఎక్కించడంలో ఒక ఇబ్బంది ఉంది. ఫోన్ నుంచి ఫోన్‌కి ఫైలు పంపినట్టు కాదు. మూడు గంటల క్యాసెట్టు మూడు గంటలు నడవాల్సిందే. వేగంగా తిప్పి ఎక్కించే దారి లేదు. ఒకళ్లు కాపలా కూర్చోవాలి. విసుగనిపించే పనే. కాని మాకు ఇందులోనే మేలు కనిపించింది. ఆ మూడు గంటలూ ఆ కాలంలో ఉన్నవాళ్లను పిలిచి పక్కన కూర్చోబెట్టుకోవచ్చు. మేము అలా చేశాం. రిటైరైన కామాటి తాత ఒకరిని, ఇప్పుడు టీచరుగా ఉన్న సీనియర్ అన్నను పిలిచి, టీ ఇచ్చి కూర్చోబెట్టాం. లాంగ్ నోటుబుక్కులో ఎడమ పక్కన నిమిషాలు, కుడి పక్కన ఎవరు, ఎక్కడ, ఏం జరుగుతోంది అని రాస్తూ పోయాం.

వంటశాల వచ్చినప్పుడు తాత లేచి నిలబడ్డాడు. "ఆపరా, ఆపు! ఎనక్కి తిప్పు" అన్నాడు. "తాతా, ఆపకూడదు, రికార్డవుతోంది. తర్వాత చూద్దాం, ఎవరో చెప్పు" అన్నాం. తెర మీద పొయ్యి దగ్గర ఒకామె గరిటె తిప్పుతూ పాట పాడుతోంది. కెమెరా అటు తిరగ్గానే పాట ఆపి, కొంగు నోటికి అడ్డం పెట్టుకుని నవ్వింది. మొత్తం 40 సెకన్లు ఉండదు. ఆమె కంటింజెంట్ మీద చాలా ఏళ్లు ఇక్కడ వండిందని, చేరినప్పటి జీతంతోనే చాలాకాలం నెట్టుకొచ్చిందని, రాత్రిళ్లు జ్వరం వచ్చిన పిల్లలకు జావ కాచి ఇచ్చేదని తాత చెప్పాడు. మేము ఆఫీసులో వెతికాం. కంటింజెంట్ మనుషులకు సర్వీసు రిజిస్టరు ఉండదు. ఆమె ఇక్కడ పనిచేసినట్టు మాకు దొరికిన ఆధారం ఆ 40 సెకన్లే. పేరు నోటుబుక్కులో రాసుకున్నాం. ఆమె పిల్లలు ఎక్కడున్నారో కనుక్కుని వాళ్లకు ఆ బొమ్మ ఇచ్చే ప్రయత్నంలో ఉన్నాం. వాళ్లను అడగకుండా పేరు ఇక్కడ అచ్చువేయడం లేదు.

తాత వయసు 70 దాటింది. క్యాసెట్టు చెడిపోతుందని అందరూ అంటారు. క్యాసెట్టులోని ముఖాలను గుర్తుపట్టేవాళ్ల గురించి ఎవరూ అనరు. బొమ్మ దక్కి పేరు దక్కకపోతే, అది మళ్లీ "గుర్తుతెలియని వంటమనిషి" అవుతుంది. స్టూడియోకి ఇచ్చేస్తే జరిగేది అదే. వాళ్లు పెన్‌డ్రైవ్ ఇస్తారు గాని పేర్లు ఇవ్వలేరు.

క్యాసెట్ల గడువు కూడా దగ్గర పడింది. టేపు అంటే ప్లాస్టిక్ పట్టీ మీద అయస్కాంతపు పొడిని జిగురుతో పట్టించినదే. గాలిలోని చెమ్మకు ఆ జిగురు ఏళ్ల తరబడి మెల్లగా విరుగుతుంది. అప్పుడు టేపు పొరలు ఒకదానికొకటి అంటుకుంటాయి, పొడి రాలి వీసీఆర్ హెడ్డుకి పట్టేస్తుంది. మన కోస్తా ఉక్కలో ఫంగస్ సంగతి చెప్పక్కర్లేదు. ఆస్ట్రేలియా జాతీయ ఫిల్మ్, సౌండ్ ఆర్కైవ్ 2025ని గడువుగా పెట్టి 2015లోనే హెచ్చరించింది. ఆలోపు డిజిటల్‌లోకి మార్చని టేపుల్లో చాలావాటి మీద ఆశ వదులుకోవాల్సిందేనని దాని సారాంశం. 2019లో యునెస్కో కార్యక్రమం ఒకటీ, ధ్వని-దృశ్య భాండాగారాల అంతర్జాతీయ సంఘమూ కలిసి "మాగ్నెటిక్ టేప్ అలర్ట్" పేరుతో ప్రపంచమంతా విచారించాయి. ఆ 2025 రానే వచ్చింది. గడువంటే ఆ రోజుతో టేపులన్నీ తుడుచుకుపోతాయని కాదు. నడిపే యంత్రాలు ఉండవని. వీసీఆర్లు చేస్తున్న ఆఖరి కంపెనీగా పేరుపడిన జపాన్ ఫునాయ్ 2016 జూలైలో తయారీ ఆపేసింది. ఇక ఉన్నవి పాతవే. వాటి బెల్టులు, రబ్బరు చక్రాలు అరిగితే వేయడానికి సామాను లేదు, బాగుచేసే మెకానిక్కులు సెల్‌ఫోన్ రిపేర్లలోకి వెళ్లిపోయారు.

ఈ పని ఇళ్లలో చేయదలచుకున్నవాళ్ల కోసం, మేము నేర్చుకున్నది కొంత చెబుతాం. ముందు క్యాసెట్టు ఏ రకమో చూడండి. పెద్దది వీహెచ్ఎస్, దానికి వీసీఆర్ కావాలి. చిన్నవాటిలో రకాలున్నాయి. వీహెచ్ఎస్-సి అనేదాన్ని పెద్ద డొప్పలో పెట్టి వీసీఆర్‌లోనే నడపవచ్చు. హ్యాండీక్యామ్‌లో వాడిన 8 మిల్లీమీటర్ల క్యాసెట్టుకి అలాంటి డొప్ప లేదు. ఎవరైనా ఉందంటే నమ్మకండి, ఆ టేపు వెడల్పే వేరు. దానికి ఆ కెమెరానే కావాలి. అగ్గిపెట్టె కంటే కొంచెం పెద్దగా ఉండేది మినీ డీవీ. అదీ కెమెరాతోనే.

కిటికీలోంచి చూస్తే టేపు అంచున తెల్లటి బూజు కనిపించిందా, దాన్ని మిషన్లో పెట్టకండి. ఆ బూజు హెడ్డుకి అంటి మిగతా క్యాసెట్లన్నింటికీ పాకుతుంది. అలాంటివి విడిగా పొడి చోట పెట్టి, తెలిసినవాళ్ల చేత శుభ్రం చేయించాలి. బూజు లేనివాటికి మొదట చేయాల్సింది వెనకవైపు చిన్న ప్లాస్టిక్ పలక విరిచేయడం. ఇక దాని మీద పొరపాటున కూడా రికార్డు కాదు. ఆ పని 20 ఏళ్ల కిందటే చేసి ఉంటే ఆ క్రికెట్ మ్యాచ్ ఎక్కేది కాదు! తర్వాత ఒకసారి పూర్తిగా ముందుకీ వెనక్కీ తిప్పి, అప్పుడు ప్లే చేయాలి.

వీసీఆర్ వెనక పసుపు తీగ బొమ్మకి, ఎరుపు తెలుపు తీగలు ధ్వనికి. వాటిని యూఎస్‌బీ క్యాప్చర్ పరికరం ద్వారా కంప్యూటర్‌కి కలపాలి. ఎస్-వీడియో రంధ్రం ఉంటే పసుపు తీగ బదులు అది వాడండి, రంగులు తేటగా వస్తాయి. మరీ చవక పరికరాల్లో గంట దాటాక మాట ముందు, పెదవి వెనక అయిపోతుంది. మాకు ఒకదాంతో అలాగే జరిగితే ఇంకొకటి అరువు తెచ్చుకున్నాం. సెకనుకి 25 ఫ్రేములు, 720 బై 576 అని పెట్టుకోవాలి. పాత బొమ్మ నాలుగుకి మూడు కొలతలో ఉంటుంది. దాన్ని ఇప్పటి టీవీ వెడల్పుకి సాగదీస్తే మన బక్కపల్చటి తాతలంతా బొద్దుగా కనిపిస్తారు. పక్కన నల్ల పట్టీలు ఉంటే ఉండనివ్వండి.

మినీ డీవీ సంగతి వేరు. అందులో ఉన్నది అప్పటికే అంకెల రూపంలో ఉంది. దాన్ని పసుపు, ఎరుపు తీగలతో ఎక్కిస్తే నాణ్యత పోగొట్టుకున్నట్టే. ఫైర్‌వైర్ తీగతో దింపితే టేపు మీద ఉన్నది ఉన్నట్టుగా వస్తుంది. గంటకు దాదాపు 13 జీబీ అవుతుంది. చిక్కేమిటంటే ఇప్పటి కంప్యూటర్లలో ఆ రంధ్రం లేదు. 2000ల నాటి పాత కంప్యూటర్ మీ కాలేజీ ల్యాబు మూలన పడి ఉంటే అది తీసేసే ముందు అడిగి చూడండి, దానిలో ఉండవచ్చు.

ఇంకొక మాట. "ఇప్పుడు ఏఐ వచ్చింది కదా, మసకగా ఉన్నదాన్ని హెచ్‌డీ చేస్తుంది" అని జూనియర్ తమ్ముళ్లు ఉత్సాహపడుతున్నారు. మేమూ ఒక ముక్క చేసి చూశాం. గోడ పక్కన నిలబడిన ఒక తండ్రి ముఖం నున్నగా, స్పష్టంగా వచ్చింది. కాని అది ఆయన ముఖం కాదు. టేపులో లేని కన్ను, లేని ముక్కు అది ఊహించి గీసింది. రంగు కూడా ఒక ఛాయ తేల్చింది. ఆయన కొడుకు మాలో ఒకడు. "మా నాన్న ఇలా ఉండడు" అన్నాడు. అంతటితో ఆపేశాం. పెళ్లి ఆల్బముల్లో మనల్ని తెల్లగా చేసే స్టూడియోలతోనే మనకు ఎప్పటి నుంచో తంటా ఉంది; చనిపోయినవాళ్లను కూడా ఆ పనికి అప్పగించడం దేనికి? మసక ముఖమైనా ఆయనది ఆయనకే ఉండాలి.

ఎక్కించినదంతా యూట్యూబ్‌లో పెట్టేయాలన్నది మరో వాదన. దీనికి మేము పూర్తిగా ఒప్పుకోలేం. మన హాస్టల్లో చదివి నగరాల్లో ఉద్యోగాలు చేస్తున్న అన్నలు కొందరు అద్దె ఇంటి కోసం కులం చెప్పకుండా బతుకుతున్నారు. అలా బతకాల్సి రావడం వాళ్ల తప్పు కాదు. వాళ్ల పేరుతో, ఊరితో సహా హాస్టల్ వీడియో నెట్‌లో పెడితే మనం ఏం చేసినట్టు? ఒకప్పుడు ఆటలపోటీల్లో డాన్సు చేసిన చెల్లెలు ఇవాళ ఇంకొకరి ఇంట్లో ఎలాంటి పరిస్థితుల్లో ఉందో మనకు తెలియదు. దాడులు జరిగిన ఊళ్లలో బాధితులు ఏడుస్తూ మాట్లాడిన క్యాసెట్లు సంఘాల దగ్గర ఉన్నాయి. వాటిని దాచడం వేరు, అందరికీ పంచడం వేరు. అన్నీ దాచాలి, అడిగి, సరేనన్నవే పంచాలి. బహిరంగ సభలో మైకు ముందు మాట్లాడిన ఉపన్యాసాలకు ఈ అడ్డు అవసరం లేదనుకుంటున్నాం.

"ముందు మెస్ చార్జీల గురించి, బాత్రూముల గురించి మాట్లాడండి, తర్వాత క్యాసెట్లు" అని ఒక సీనియర్ అన్న కోపగించుకున్నాడు. ఆ కోపం న్యాయమైనదే. బాత్రూముల కోసం మేమూ అర్జీలు పెట్టినవాళ్లమే. కాని మేము అడుగుతున్నది హాస్టల్ డబ్బు కాదు. వార్షికోత్సవానికి కట్టే ఫ్లెక్సీలు రెండు తగ్గిస్తే ఒక హార్డ్ డిస్కు వస్తుంది. ఇంకో సంగతి: "బిల్డింగ్ ఓపెనింగ్" క్యాసెట్టులో ప్రహరీ కట్టకముందు మన హాస్టల్ స్థలం చింతచెట్టు అవతలి దాకా కనిపిస్తోంది. ఇవాళ ఆ చెట్టు ప్రహరీకి బయట ఉంది. వీడియో చూపించగానే స్థలం తిరిగి వస్తుందని మేము అనుకోవడం లేదు. కాని అర్జీ రాసేటప్పుడు చేతిలో ఏమీ లేకపోవడం కంటే అది ఉండటం నయం కదా. ఆ అన్నే ఇప్పుడు ఆ ముక్క తన ఫోన్‌కి పంపమంటున్నాడు.

పంపడం అంటే గుర్తొచ్చింది. వాట్సాప్‌లో పంపితే అది ఫైలును నలిపి చిన్నది చేసి పంపుతుంది. దాన్ని అసలు కాపీ అనుకోవద్దు. స్టేటస్ పెట్టింది 24 గంటల్లో పోతుంది. నిన్నటి జయంతికి మన పిల్లలు తీసిన వీడియోలు ఎన్ని మిగిలాయో ఫోన్లలో చూసుకోండి. 1990ల క్యాసెట్టు ఇంకా నడుస్తోంది గాని, మూడేళ్ల కిందటి జయంతి వీడియో మాకు ఎవరి దగ్గరా పూర్తిగా దొరకలేదు. పోయిన ఫోన్లతో పాటే పోయింది.

కాబట్టి మూడు కాపీలు చేద్దామని మా ప్రతిపాదన. ఒక టెరాబైటు డిస్కులో డీవీ లెక్కన చూసినా 70 గంటలకు పైగా పడుతుంది, అంటే మన క్యాసెట్లన్నీ ఒక్క డిస్కులోకి వస్తాయి. ఒకటి హాస్టల్లో ఉండాలి. వార్డెన్లు బదిలీ అవుతుంటారు, బీరువాలు మారుతుంటాయి కనుక రెండోది పూర్వ విద్యార్థుల సంఘం దగ్గర ఉండాలి. మూడోది వేరే ఊళ్లో, వీలైతే యూనివర్సిటీ లైబ్రరీలో ఉండేలా అడుగుతున్నాం. ఏడాదికోసారి, వార్షికోత్సవానికి ముందు, మూడూ తెరిచి చూసుకోవాలి. నోటుబుక్కును జిరాక్సు తీసి ప్రతి డిస్కుతోనూ ఉంచాలి. క్యాసెట్లను మాత్రం పారేయకూడదు. రేపు ఇంతకంటే బాగా ఎక్కించే పద్ధతి వస్తే మళ్లీ కావాల్సింది అవే.

17 క్యాసెట్లలో 3 పూర్తయ్యాయి. మిగిలినవి ఆదివారాల్లో ఎక్కిస్తున్నాం. ఆ కాలంలో ఇక్కడ చదివినవాళ్లు, పనిచేసినవాళ్లు వచ్చి కూర్చుంటే పేర్లు రాసుకుంటాం. మీ ఇళ్లలో జయంతి సభల క్యాసెట్లు, పెళ్లి క్యాసెట్లు, బుర్రకథ, డప్పు, చిందు ప్రదర్శనల క్యాసెట్లు ఉంటే సంచిలో వేసి, మీ పేరు, ఊరు కాగితం మీద రాసి సంచిలోనే పెట్టి ఆఫీసు గదిలో ఇవ్వండి. ఎక్కించిన వెంటనే క్యాసెట్టూ, ఒక కాపీ మీకే తిరిగి ఇస్తాం. టీవీల మీద, స్పీకర్ల పక్కన పెట్టినవాటిని ఇవాళే అక్కడి నుంచి తీసేయండి. మీ దగ్గర పాత హ్యాండీక్యామ్ ఉంటే అదీ తెండి. పనిచేయకపోయినా ఫరవాలేదు, రెండు పాతవి కలిపి ఒకటి నడిచేలా చేయగల మెకానిక్కు ఒకాయన దొరికాడు. కెమెరాతో పాటు దాని చార్జరు మాత్రం మరిచిపోవద్దు.